మన చిత్తూరు కళల మీద డాక్యుమెంటరీ తీయాలంటే ఎక్కడ మొదలుపెట్టాలి?

మీరు అడిగింది నాకు అర్థమైనంతలో ఇదీ. తిరుపతిలో ఉద్యోగం, చేతిలో కొత్త మిర్రర్‌లెస్ కెమెరా, శని ఆదివారాలు ఖాళీ. కాళహస్తి కలంకారీ, గంగమ్మ జాతర, ఊళ్లలో ఆడే భారతం, తలకోన, శేషాచలం అడవి, ఈ ఐదూ కలిపి గంట సినిమా తీయాలని ఉంది. ఎక్కడ మొదలుపెట్టాలి, ఎంత ఖర్చవుతుంది, ఎవరి అనుమతి కావాలి, డ్రోన్ కొనాలా అని నాలుగు ప్రశ్నలు వేశారు. పద్దెనిమిదేళ్లుగా ఈ చుట్టుపక్కలే కెమెరా పట్టుకుని తిరుగుతున్నాను కాబట్టి కొంచెం పొడుగ్గానే చెప్తాను, ఓపిక చేసుకోండి.

ముందు ఆ ఐదింటిలో నాలుగు కొట్టేయండి. గంటలో ఐదంటే ఒక్కోదానికి పన్నెండు నిమిషాలు. అందులో పైనుంచి తీసిన కొండలు రెండు నిమిషాలు, ‘ఎంతో ఘన చరిత్ర గల’ అనే వ్యాఖ్యానం మూడు నిమిషాలు పోతే మిగిలేది టూరిజం వాళ్ల ప్రకటన. అలాంటివి ఇప్పటికే చాలా ఉన్నాయి. నేనూ ఒకటి తీశాను.

అది నా మొదటి సినిమా, కలంకారీ మీద, ఇరవై రెండు నిమిషాలు. పూర్తయ్యాక లాప్‌టాప్ పట్టుకుని కాళహస్తికి వెళ్లి, ఎవరి ఇంట్లో తీశామో ఆ పెద్దాయనకే ముందు చూపించాను. ఇంటిల్లిపాదీ కూర్చున్నారు. ఆయన కదలకుండా మొత్తం చూసి, “అంతా బాగుండాది నాయనా. ఎరుపు ఎక్కణ్ణించి వచ్చింది?” అన్నారు. నాకు అర్థం కాలేదు. మనవరాలు నవ్వుతూ చెప్పింది, “పటిక లేదు కదన్నా మీ సినిమాలో.”

విషయం ఏమిటంటే, కలంకారీలో ఎరుపును కలంతో పూయరు. ఎరుపు ఎక్కడెక్కడ రావాలో అక్కడ పటిక నీళ్లతో రాస్తారు. ఆరబెట్టి, ఎక్కువైన పటిక పోయేలా పారే నీళ్లలో జాడించి, ఆ తర్వాత బెరడు, వేళ్లు వేసిన రంగునీళ్లలో గుడ్డను ఉడికిస్తారు. పటిక పట్టిన చోట ఎరుపు నిలుస్తుంది, మిగతా చోట నిలవదు. కానీ పటిక నీళ్లకు రంగు లేదు. తెర మీద చూస్తే ఒక మనిషి ఉత్త నీళ్లతో గుడ్డ మీద రాస్తున్నట్టే ఉంటుంది. మేం రెండు గంటల సేపు తీసి, ఎడిటింగ్‌లో ‘ఇందులో ఏమీ కనపడట్లేదు’ అని మొత్తం తీసేశాం. కాబట్టి మా సినిమాలో నల్లగీతల తర్వాత సరాసరి ఎర్రటి గుడ్డ ప్రత్యక్షమైంది. ఆ పనిలో పుట్టి పెరిగిన మనిషికి అది ఎలా కనపడి ఉంటుందో ఊహించుకోండి. పొయ్యి వెలిగించకుండా అన్నం వడ్డించినట్టు.

అందుకే నా సలహా: ఒక్క గుడ్డ పట్టుకోండి. గాడా అనే ముతక నూలు గుడ్డకు గంజి వదలగొట్టడం దగ్గర నుంచి చివరి ఉతుకు దాకా ఆ ఒక్క గుడ్డతోనే ఉండండి. గంట సినిమా అందులోనే ఉంది.

ఏమేం జరుగుతాయో తెలియకపోతే ఏది తీయాలో తెలియదు కాబట్టి క్లుప్తంగా చెప్తాను. గుడ్డను కరక్కాయ పొడి, గేదె పాలు కలిపిన నీళ్లలో తడిపి, పిండి, ఎండలో ఆరేస్తారు. పాలలోని కొవ్వు వల్ల రంగు పక్కలకు పాకదు. కరక్కాయలోని వగరు నలుపును పట్టుకుంటుంది. తర్వాత కాల్చిన చింత పుల్లల బొగ్గుతో బొమ్మ గీస్తారు. దాని మీద కలంతో నల్లగీత. కలం అంటే మొన తేల్చిన వెదురు పుల్ల. మొనకు కాస్త పైన ఉన్నిగుడ్డ చుట్టి దారంతో బిగిస్తారు. అది సిరా పీల్చుకుని ఉంటుంది, వేళ్లతో నొక్కిన కొద్దీ మొనకు దిగుతుంది. ఆ నల్ల సిరాయే కసిమి. తుప్పు పట్టిన ఇనుప ముక్కలు, బెల్లం నీళ్లలో వేసి రెండు మూడు వారాలు పులియబెడతారు. నలుపు, ఎరుపు అయ్యాక మళ్లీ పాలు పట్టించి, కరక్కాయ పువ్వు పసుపు, నీలిమందు నీలం వేస్తారు. పసుపు మీద నీలం పడితే ఆకుపచ్చ. మొత్తం దశలు పదిహేడని ఒకరంటారు, ఇరవై మూడని ఇంకొకరంటారు. అంకె మీద వాదన పెట్టుకోకండి, ఎవరి ఇంట్లో తీస్తే వాళ్ల లెక్కే మీ లెక్క.

ఈ మొత్తంలో బాగా దగ్గర నుంచి తీసే మాక్రో లెన్స్ బాడుగకు తెచ్చుకుని అయినా తీయాల్సింది ఒకటుంది. కసిమి డబ్బాలో ఉన్నప్పుడు బాగా కాగిన టీ డికాక్షన్‌లా ఉంటుంది. కరక్కాయ పట్టిన గుడ్డను కలం తాకగానే ముందు మురికి గోధుమరంగు గీత పడుతుంది. మీరు చూస్తుండగానే అది నల్లబడుతుంది, గీత మొదలైన చోట ముందు, చివర తర్వాత. చేయి ముందు పోతుంటే నలుపు దాని వెనకాల వస్తుంటుంది. ఇనుముకు, కరక్కాయ వగరుకు జరిగే రసాయన చర్య అది. దీన్ని గ్రాఫిక్స్‌తో వివరించే బదులు కట్ చేయకుండా ఒకటిన్నర నిమిషం చూపిస్తే చాలు. మైకు దగ్గర పెడితే వెదురు మొన ముతక గుడ్డ మీద గీరుకునే చప్పుడు కూడా వినపడుతుంది. కెమెరాకు దొరకనిది ఒక్కటే, వాసన. పాలు పట్టించి ఆరేసిన గుడ్డ వాసన, ఆ చుట్టూ ముసిరే ఈగలు... ఈగలను మాత్రం తీయవచ్చు. మొదటిసారి నేను వాటిని తోలి తీశాను, ఇప్పుడైతే తోలను.

ఇక్కడ మీ శని ఆదివారాల సమస్య వస్తుంది. వానపడితే పని ఆగుతుంది, ఎండ కాస్తే బుధవారం పొద్దున ఆరున్నరకు ఉడకబెడతారు. స్వర్ణముఖిలో ఏడాదిలో ఎక్కువ రోజులు ఇసుకే కాబట్టి జాడించడానికి నీళ్లు ఎక్కడ దొరికితే అక్కడికి మూటలు పోతాయి. రేపు ఏం చేస్తారో ముందు రోజు సాయంత్రం ఫోన్ చేసి కనుక్కోవాలి. తిరుపతి నుంచి కాళహస్తి నలభై కిలోమీటర్ల లోపే, బస్సులకు కొదవ లేదు. సెలవులన్నీ ఒకే వారంలో కాల్చేయకుండా ఒక్కొక్కటిగా దాచుకోండి.

ఎవరిని తీయాలి? అందరూ అవార్డులు వచ్చిన వాళ్ల గుమ్మం ముందే నిలబడతారు. తప్పు కాదు. కలంకారీ కళాకారుడు జొన్నలగడ్డ గురప్ప శెట్టి గారికి 2008లో పద్మశ్రీ వచ్చిందంటే ఆ వెనక ఒక తరం కష్టం ఉంది. 1957లో కాళహస్తిలో శిక్షణ కేంద్రం పెట్టకపోయి ఉంటే, దాని కోసం చేతివృత్తులను కాపాడ్డానికి పాటుపడిన కమలాదేవి చట్టోపాధ్యాయ పట్టుబట్టకపోయి ఉంటే, ఈ రోజు మనం తీయడానికి మిగిలేది తక్కువే. కానీ ఆ కథ చాలామంది చెప్పారు. బొమ్మ గీసేది ఒకరైతే అందులో రంగులు నింపేది ఎక్కువగా ఆడవాళ్లు. కింద కూర్చుని, చీర మొత్తం ఒళ్లో పరుచుకుని, రోజుకు ఇంత అని కూలికి చేస్తారు. చీర మూల మీద వాళ్ల పేరు ఉండదు. నేను మళ్లీ మొదటి నుంచి తీస్తే అలాంటి ఒక అమ్మ పక్కన కూర్చుంటాను.

ఒక జాగ్రత్త. వాళ్లు వేస్తున్న కొత్త డిజైన్లు సగంలో ఉన్నప్పుడు తీసి ఇన్‌స్టాగ్రామ్‌లో పెట్టకండి. కాళహస్తి కలంకారీకి జీఐ (భౌగోళిక గుర్తింపు) ఉన్నా, మిల్లులో అచ్చేసిన గుడ్డను కలంకారీ అని అమ్మేవాళ్లు అమ్ముతూనే ఉన్నారు. మీ పది సెకన్ల రీల్ చూసి ఎవడో స్క్రీన్ ప్రింట్ దించితే ఆ ఇంట్లో మూడు నెలల పని పోయినట్టే. అడిగి, వాళ్లు సరే అన్నాకే బయట పెట్టండి.

డబ్బు మాట కూడా ఇక్కడే. ఇంటర్వ్యూకు డబ్బివ్వను గానీ, నా వల్ల పని ఆగిన రోజుకు కూలి లెక్క కట్టి ఇస్తాను. ‘ఇంకొక్కసారి చేయండి’ అని నేను అడిగితే ఆ గుడ్డ, ఆ పాలు, ఆ కరక్కాయ నా ఖర్చు. ఈ మాట మొదటి రోజే చెప్పేస్తే ఇద్దరికీ మొహమాటం ఉండదు. అనుమతి పత్రం మీద సంతకం అడిగితే పెద్దవాళ్లు భయపడతారు, ఆస్తి కాగితమేమోనని. తెలుగులో పది లైన్లు రాసుకెళ్లి చదివి వినిపించండి, వాళ్లు సరేనన్నది కెమెరా ముందు రికార్డు చేయండి. సంతకం తర్వాతైనా పెడతారు.

జాతర విషయానికి వస్తే, మీకు రంగులంటే ఇష్టమని మీ ప్రశ్నలోనే తెలిసిపోతోంది. తిరుపతి తాతయ్యగుంట గంగమ్మ జాతర మామూలుగా మే నెలలో వస్తుంది. మంగళవారం రాత్రి చాటింపు. తర్వాత రోజుకొకటి: నామం సుద్ద పూసుకునే బైరాగి వేషం, కుంకుమతో బండ వేషం, బొగ్గుతో తోటి వేషం, గంధంతో దొర వేషం, ఆ పైన మాతంగి, సున్నపు కుండల వేషాలు. మళ్లీ మంగళవారం సప్పరాలతో పెద్ద జాతర, తెల్లవారుజామున విశ్వరూపం అనే అమ్మవారి పెద్ద మట్టి బొమ్మ, దాని చెంప నరకడం. ఆడవాళ్లను చెరుస్తున్న పాలెగాణ్ణి వెతుకుతూ అమ్మవారు వేషాలు మార్చిందని, దొర వేషంలో వాణ్ణి చంపిందని కథ. చంపిన మర్నాడు మాతంగిగా వచ్చి వాడి పెళ్లాన్ని ఓదార్చిందని కూడా చెప్తారు. నన్నడిగితే సినిమా మొత్తం ఆ ఓదార్పు దగ్గరే ఉంది. కానీ కెమెరాలన్నీ పాలెగాణ్ణి చంపే రోజున వచ్చి మర్నాడు మాయమైపోతాయి.

మొక్కు కోసం మగవాళ్లు చీర కట్టుకుంటారు. దీన్ని ఎలా తీస్తారన్నది మీ పరీక్ష. నేను ఒక కుర్రాడికి ఇంట్లో వాళ్ల అమ్మ చీర కడుతుంటే తీశాను. జడ, పూలు, గాజులు. అతను సిగ్గుపడుతున్నాడు, తమ్ముళ్లు ఏడిపిస్తున్నారు, నేనూ నవ్వుతూ తీస్తున్నాను. బొట్టు పెట్టడం అయ్యాక వాళ్ల నానమ్మ వచ్చి, నిన్నటిదాకా ‘ఒరే’ అన్న మనవడి కాళ్ల మీద చెంబుతో నీళ్లు పోసి, పసుపు రాసి దండం పెట్టుకుంది. నవ్వులు ఆగిపోయాయి. నా దగ్గర ఆ షాట్ లేదు. నవ్వు సీను అయిపోయిందనుకుని బ్యాటరీ మార్చుకుంటున్నాను.

జనం మధ్యకు పోతే లెన్సులు మార్చుకునే చోటుండదు. 24-70 జూమ్ లెన్సు లాంటిది ఒకటి, అంతే. బూతులు తిడతారు, అది మొక్కులో భాగం, మ్యూట్ చేయకండి. ఈ వేషాలు కట్టే కైకాల ఇంటివాళ్ల ముందు అడ్డంగా పరుగెత్తకండి, అది ఊరేగింపు మాత్రమే కాదు, తరతరాల నుంచి ఆ ఇంటికి ఉన్న హక్కు.

భారతం గురించి మీరు ఒక్క ముక్కే రాశారు. మన ఉమ్మడి చిత్తూరు జిల్లాలో తీయకుండా మిగిలిపోయినది ఏదైనా ఉందంటే నా ఉద్దేశంలో అదే. ధర్మరాజుల గుడి ఉన్న ఊళ్లో పద్దెనిమిది రోజులు మధ్యాహ్నం హరికథ, రాత్రి వీధి నాటకం. అర్జునుడి తపసు రోజున వేషగాడు నిలువెత్తు మాను ఎక్కుతాడు, మెట్టు మెట్టుకూ పద్యం పాడుతూ. పిల్లలు లేని ఆడవాళ్లు తడిబట్టలతో కింద పడి ఉంటారు, అతను పైనుంచి నిమ్మకాయలు, విభూతి విసురుతాడు. చివరి రోజు పొలంలో మట్టితో పెద్ద దుర్యోధనుడి బొమ్మను పడుకోబెడతారు. భీముడు దాని చుట్టూ దుర్యోధనుణ్ణి తరిమి తొడ పగలగొడతాడు, ద్రౌపది జుట్టు ముడుచుకుంటుంది, సాయంత్రం నిప్పుల గుండం. రాత్రంతా భుజకీర్తులు మోసిన కర్ణుడు పొద్దున ఏడింటికి మొహానికి ఇంకా కొంచెం అర్దళం రంగు అంటుకుని ఉండగానే టీ తాగి ఆటో తోలుకుని పోతాడు. నేను పద్దెనిమిది రాత్రుల్లో పదకొండు మాత్రమే ఉండగలిగాను, అందుకే ఆ సినిమా ఇప్పటికీ నా హార్డ్ డిస్కులోనే ఉంది.

రాత్రి తీస్తే లైట్ల మినుకు మినుకు గోల ఉంటుంది. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి 25 ఫ్రేములు, షట్టర్ సెకనులో 50వ వంతు పెట్టుకోండి. చవక రకం ఎల్‌ఈడీ అయితే అప్పటికీ పట్టీలు వస్తాయి, షట్టర్‌ను కొద్దికొద్దిగా జరిపి చూసుకోవాలి. పగలు ఇంకో రకం తలనొప్పి. మే నెల ఎండలో మిర్రర్‌లెస్ కెమెరాలు వేడెక్కి ఆగిపోతాయి. నా కిట్‌లో అన్నిటికన్నా ఎక్కువ పని చేసింది నల్ల గొడుగు. కెమెరా మీద ఇంకో రూపాయి పెట్టకండి, ఉన్న డబ్బు సౌండ్ మీద పెట్టండి: ఒక రికార్డరు, ఒక కాలర్ మైకు, గాలి చప్పుడు రాకుండా బొచ్చు తొడుగు.

అడవి. శేషాచలం 2010 నుంచి బయోస్ఫియర్ రిజర్వు. శ్రీవెంకటేశ్వర జాతీయ ఉద్యానవనం అందులోదే. లోపల తీయాలంటే 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద రాష్ట్ర చీఫ్ వైల్డ్‌లైఫ్ వార్డెన్ అనుమతి కావాలి. తిరుపతి అటవీశాఖ ఆఫీసులో అడిగితే దరఖాస్తు ఎలా పెట్టాలో చెప్తారు, నెల రోజులు చేతిలో ఉంచుకోండి. అనుమతి లేకుండా ట్రైపాడ్ భుజాన వేసుకుని దారి తప్పి తిరగడం ఇంకే అడవిలో చేసినా ఇక్కడ చేయకండి. ఇది ఎర్రచందనం అడవి. 2015 ఏప్రిల్‌లో ఇరవై మంది కూలీలు ఎన్‌కౌంటర్‌లో పోయింది ఈ కొండల్లోనే. ‘ప్రకృతి ఒడి’ అని వ్యాఖ్యానం రాసుకునేటప్పుడు అది గుర్తుండాలి. మాధవమాలలో చెక్క బొమ్మలు చేసేవాళ్లను తీసినా అంతే. చేతిలో ఉన్న చెక్క ఏమిటో, ఎక్కడిదో వాళ్లు చెప్పడానికి ఇష్టపడకపోతే గుచ్చి అడగొద్దు. మీ ఫుటేజీ రేపు ఎవరి చేతికి పోతుందో మీకు తెలియదు.

తలకోన నీళ్లు మీరు అనుకుంటున్నట్టు కనపడాలంటే అక్టోబరు నుంచి డిసెంబరు లోపు, ఈశాన్య రుతుపవనాల వానలు పడ్డాక వెళ్లండి. 270 అడుగుల ధార వేసవిలో సన్నని తీగైపోతుంది. తిరుమల ఘాట్ రోడ్డులో కొండ కోసిన చోట రెండు రకాల రాళ్లు ఒకదాని మీద ఒకటి కనపడతాయి. ఆ రెంటి మధ్య కోట్ల ఏళ్ల ఖాళీ ఉందని భూగర్భ శాస్త్రవేత్తలు చెప్తారు. దానికి పెర్మిషన్ అక్కర్లేదు, బస్సు కిటికీ చాలు. చంద్రగిరి కోట పురావస్తు శాఖ వాళ్లది, ట్రైపాడ్ పెట్టాలంటే ముందే రాతపూర్వకంగా అడగాలి. తిరుమల ఆలయంలోకి ఫోను కూడా పోదు, కాబట్టి ఆ ఆలోచనే పెట్టుకోవద్దు.

ఖర్చు. నా మొదటి సినిమాకు లక్షా ఎనభై వేలు అయింది, అందులో దాదాపు సగం వ్యాఖ్యానం చెప్పిన గొంతుకు, సంగీతానికి. రెండూ అనవసరమే. హైదరాబాదు స్టూడియోలో పుస్తకం భాష చదివించి, పెద్దాయన ‘ఉండాది’, ‘వస్తాండా’ అన్న మాటల మీద పూశాం. ఇప్పుడు నేను వ్యాఖ్యానం పెట్టను. ఎవరి మాట వాళ్లదే, బయటివాళ్లకు కింద సబ్‌టైటిల్స్. కసిమిని కసిమి అనే రాయండి. ఆ డబ్బు మిగిలితే ప్రయాణాలకు, రెండు హార్డ్ డిస్కులకు పెట్టండి. ఒకటి మీ ఇంట్లో, ఇంకొకటి వేరే ఎవరింట్లోనైనా ఉండాలి.

గ్రాంట్లు కావాలంటే బెంగళూరులోని ఇండియా ఫౌండేషన్ ఫర్ ది ఆర్ట్స్ వాళ్ల ప్రకటనలు చూస్తూ ఉండండి. ప్రభుత్వం తరఫున డాక్యుమెంటరీలు తీసే పాత ఫిల్మ్స్ డివిజన్ 2022లో ఎన్‌ఎఫ్‌డీసీలో (జాతీయ చలనచిత్రాభివృద్ధి సంస్థలో) కలిసిపోయింది. పూర్తయ్యాక ముంబైలో రెండేళ్లకోసారి జరిగే మిఫ్ (ముంబై అంతర్జాతీయ చిత్రోత్సవం), తిరువనంతపురంలో డాక్యుమెంటరీలకు, లఘుచిత్రాలకు ప్రత్యేకంగా జరిగే ఉత్సవం, ఈ రెంటికీ పంపండి. కానీ వాటికంటే ముందు ఆ ఇంట్లో వేసి చూపించండి, ఫైనల్ కట్ అయ్యాక కాదు, ఎడిటింగ్ నడుస్తుండగానే. పటిక లాంటి తప్పులు అప్పుడైతే దిద్దుకోవచ్చు.

డ్రోన్ కొనకండి. తిరుమల కొండ దగ్గర ఎగరేస్తే కేసు, అడవి మీద ఎగరేయాలంటే వేరే అనుమతి, జాతర జనం మీద ఎగరేస్తే ప్రమాదం. మిగిలింది కాళహస్తిలో మిద్దె మీద ఆరేసిన గుడ్డలు. అవి పైనుంచి బాగుంటాయి, నిజమే. పక్కింటివాళ్లను అడిగితే వాళ్ల మిద్దె ఎక్కనిస్తారు.